బేలా లుగోసీ సంతకం ఉన్న ఫొటో అంటూ అమ్ముతున్నారు, మోసపోకండి

పాత సినిమా ఫొటోలు, పోస్టర్లు కొనేవాళ్లకి ఈ మాట. 1931 ‘డ్రాక్యులా’లో వేసిన హంగేరీ నటుడు బేలా లుగోసీ స్వయంగా సంతకం చేసిన ఒరిజినల్ ఫొటో అంటూ ఒకటి తిరుగుతోంది. నేను 18,500 రూపాయలు పోసి కొన్నాను. నకిలీ. అమ్మినవాడు ఇప్పుడు ఫోన్ ఎత్తడం లేదు.

అసలు ఆ ఫొటో చూడగానే నేను ఆగాల్సింది. భుజాల మీంచి వేలాడే నల్ల కేప్, నున్నగా వెనక్కి దువ్విన జుట్టు, పెదవి కింద రెండు కోరలు. ఆ సినిమా నేను నాలుగైదుసార్లు చూశాను. అందులో లుగోసీకి కోరలు ఎక్కడా కనిపించవు. ఆ చూపు, చేతివేళ్లు, సాగదీసి పలికే యాస, వీటితోనే భయపెడతాడు. ఎవడో కంప్యూటర్‌లో కోరలు అంటించాడు. నేనేమో ఫ్రేమ్ చూసి మురిసిపోయాను!

నన్ను పడేసింది మాత్రం అమ్మినవాడు చెప్పిన కథ. ‘చివరి రోజుల్లో డబ్బుల్లేక ఆయనే ఇచ్చేసిన ఫొటో సార్’ అన్నాడు. కథలో సగం నిజమే కాబట్టి నమ్మాను. ఆ సినిమాకి లుగోసీకి ముట్టింది వారానికి 500 డాలర్ల చొప్పున ఏడు వారాలకి 3,500 డాలర్లు. సినిమా బ్రహ్మాండంగా ఆడింది, ఆయన మాత్రం మరుసటి ఏడాదే దివాలా తీశాడు. నరాల నొప్పికి వాడిన మార్ఫిన్ వ్యసనమై, 1955లో తనంతట తానే ఆసుపత్రిలో చేరాడు. ఇవన్నీ తెలిసినవాడికి ఆ మాట వినగానే మనసు కరుగుతుంది. నాకు కరిగింది, యూపీఐ కొట్టేశాను.

ఫొటోతో పాటు బంగారు అక్షరాల సర్టిఫికెట్ కూడా వచ్చింది. ‘ట్రాన్సిల్వేనియాలో పుట్టిన రొమేనియా నటుడు, 1958లో లండన్‌లో అభిమానుల కోసం సంతకం చేశారు’ అని ఉంది అందులో. మనిషి పోయిందే 1956 ఆగస్టు 16న, లాస్ ఏంజెలెస్‌లో! 1958లో వచ్చింది బ్రిటిష్ నటుడు క్రిస్టఫర్ లీ వేసిన వేరే డ్రాక్యులా సినిమా. ఇద్దరినీ కలిపి వండేశారు. లుగోసీ పుట్టింది 1882లో, లుగోష్ అనే ఊళ్లో. ఆ ఊరు ఇప్పుడు రొమేనియాలో ఉంది కానీ అప్పట్లో హంగేరీ రాజ్యంలోది. పైగా అది బనాత్ ప్రాంతం, ట్రాన్సిల్వేనియా కాదు. అసలు ఇంటిపేరు బ్లాష్కో అయితే, ఊరి పేరు మీద లుగోషీ (మనం లుగోసీ అంటున్నది అదే) అని పెట్టుకున్నాడు. హంగేరీలోనూ మనలాగే ఇంటిపేరు ముందు వస్తుంది, లుగోషీ బేలా అంటారు. బుడాపెస్ట్ నేషనల్ థియేటర్‌లో నటించి, 1919లో హంగేరీలో కమ్యూనిస్టు విప్లవం వచ్చినప్పుడు నటుల సంఘం పనుల్లో తిరిగి, ఆ విప్లవ ప్రభుత్వం కూలాక దేశం వదిలి పారిపోయిన మనిషి ఆయన. సర్టిఫికెట్‌లో వాటి ఊసే లేదు.

అనుమానం వచ్చాక భూతద్దం పెట్టి చూశాను. సంతకం గీతలు చుక్కలు చుక్కలుగా ఉన్నాయి, అంటే ప్రింటరు పని. మా వీధి మెడికల్ షాపులో దొంగనోట్లు పట్టే నీలం లైటు కింద పెడితే, ఫొటో వెనకవైపు ఉతికిన తెల్లచొక్కాలా మెరిసింది. 1930ల నాటి ఫొటో కాగితం అలా మెరవదు. ఆ మెరుపునిచ్చే రసాయనాలు కాగితంలో కలపడం చాలా ఏళ్ల తర్వాత మొదలైంది.

డబ్బు వెనక్కి ఇమ్మంటే, బదులుగా ‘సినిమాలో ఆయన వేసుకున్న కేప్ ముక్క’ సగం ధరకి ఇస్తానన్నాడు. లుగోసీని పాతిపెట్టిందే ఒక డ్రాక్యులా కేప్‌తో. సినిమాలో వాడిన కేప్ వేరే, దాన్ని కుటుంబం 2019లో లాస్ ఏంజెలెస్‌లో ఆస్కార్లు ఇచ్చే అకాడమీ వాళ్ల మ్యూజియానికి ఇచ్చింది. ఆ సంగతి చెప్పగానే నన్ను బ్లాక్ చేశాడు.

సైబర్ క్రైమ్ హెల్ప్‌లైన్ నంబరు 1930కి ఫోన్ చేసి ఫిర్యాదు పెట్టాను, ఇంకా ఏమీ తేలలేదు. నిన్న వేరే పేరుతో ఉన్న పేజీలో అదే ఫొటో, ఈసారి 22,000. ఫ్రేమ్ నల్లరంగుది. సంతకంలో చివరి అక్షరం ఎడమ భుజం మీద పడుతుంది, దాని పక్కనే వెంట్రుక మందాన ఒక తెల్లగీత ఉంటుంది. అది కనిపిస్తే దాన్ని ముట్టుకోకండి.