మోల్డ్‌ఫ్లోతో పదకొండేళ్లు: వంపు ఎక్కణ్నుంచి వచ్చిందో చెప్పే సాఫ్ట్‌వేర్

చర్లపల్లిలో, ప్లాస్టిక్ పార్టుల మోల్డులు (అచ్చులు) చేసే మా టూల్‌రూమ్‌లో మోల్డ్‌ఫ్లో వాడటం మొదలుపెట్టి పదకొండేళ్లు దాటింది. కరిగిన ప్లాస్టిక్ అచ్చులో ఎలా పారుతుందో, పార్టు ఎలా వంగుతుందో ముందే లెక్కకట్టే సాఫ్ట్‌వేర్ ఇది. అప్పట్లో సగం పని మెష్ (లెక్క కోసం పార్టును చిన్న చిన్న ముక్కలుగా విడగొట్టే వల) బాగుచేసుకోవడమే. డ్యుయల్ డొమైన్‌లో (పార్టు పైతలాల మీదే మెష్ వేసే పద్ధతి) వార్పేజ్, అంటే వంపు, చూడాలంటే మెష్ మ్యాచ్ (ఎదురెదురు తలాల మెష్ సరిపోలడం) 90 శాతం దాటేదాకా ఒక్కో రిబ్బు దగ్గరా కూర్చుని అతుకులు వేసేవాణ్ని. ఇప్పుడు మందపాటి పార్టులన్నీ నేరుగా 3డిలోనే నడిపిస్తున్నాను. రాత్రంతా తిరిగే లెక్క భోజనం చేసి వచ్చేసరికి అయిపోతోంది. ఇందులో కొంత పుణ్యం కొత్త కంప్యూటర్‌ది కూడా.

నాకు అన్నిటికన్నా పనికొచ్చింది మాత్రం కొత్తదేం కాదు, వంపు కారణాల్ని విడివిడిగా చూపించే ఆప్షన్. 30 శాతం గ్లాస్ ఉన్న నైలాన్ కవర్ ఒకటి చేశాం. అంచు లోపలికి వంగేది. కూలింగే కారణమనుకుని కోర్‌లో (పార్టు లోపలివైపును తీర్చే అచ్చు భాగం) వాటర్ లైన్ మార్చాం, సైకిల్ టైమ్ పెంచాం. మూడు ట్రయల్స్ గంగలో కలిశాయి. తీరా విడదీసి చూస్తే కూలింగ్ వాటా కొంచెమే, మిగతాదంతా ఫైబర్ల దిశది. గ్లాస్ ఫైబర్లు ప్లాస్టిక్ పారిన దారి వెంట పడుకుంటాయి. ఆ దిశలో ష్రింకేజ్ (చల్లారేటప్పుడు కుంచించుకోవడం) తక్కువ, అడ్డంగా ఎక్కువ. పార్టు పక్కనున్న గేటును (ప్లాస్టిక్ లోపలికి వచ్చే దారి) పార్టు ఒక కొసకు జరిపాం. వంపు పూర్తిగా పోలేదు గానీ అసెంబ్లీలో క్లిప్పు పట్టింది, మాకు కావలసిందీ అంతే.

వెల్డ్ లైన్లు (పారే ప్లాస్టిక్ రెండు వైపుల నుంచి వచ్చి కలిసే గీతలు), గాలి చిక్కే చోట్లు దాదాపు చూపించిన దగ్గరే వస్తున్నాయి. ప్రెషర్ విషయంలో మాత్రం మెషిన్ మీద అంకె ఎప్పుడూ ఎక్కువే. మెషిన్ నాజిల్‌లో పోయే ప్రెషర్‌ను నేను మోడల్ చేయను మరి.

నా తప్పొకటి చెప్పాలి. కస్టమర్ చెప్పిన పీపీ (పాలీప్రొపిలీన్) గ్రేడ్ డేటాబేస్‌లో దొరక్క, దగ్గరగా ఉందనిపించిన ఇంకోటి పెట్టేశాను. ష్రింకేజ్‌లో 0.4 శాతం తేడా వచ్చింది. వినడానికి చిన్నదే, 200 మి.మీ. పార్టు మీద అది 0.8 మి.మీ. అచ్చులో విడిగా బిగించే ముక్క, ఇన్సర్ట్, మళ్లీ చేయాల్సి వచ్చింది. తెర మీద రంగులు మాత్రం ఎప్పటిలాగే ముచ్చటగా ఉన్నాయి!

ఏడాదికి ఐదారు మోల్డులు చేసేవాళ్లు లైసెన్స్ జోలికి పోకండి, బయట చేయించుకోండి. రిపోర్టు చేతికి రాగానే ముందు ఏ గ్రేడ్ పెట్టారో అడగండి. నేనైతే రంగుల బొమ్మలు ఆ తర్వాతే తెరుస్తాను.