నాటకానికి సెట్ వేయించుకున్నాము: నెల్లూరులో ఒక కళాదర్శకుని సేవపై సమీక్ష

మద్రాసు స్టూడియోలలో చాలా ఏళ్లు సహాయ కళాదర్శకులుగా పనిచేసి సొంత ఊరికి తిరిగివచ్చిన ఒక పెద్దాయన, నెల్లూరులో నాటకాలకు, లఘుచిత్రాలకు సెట్లు వేసి ఇస్తున్నారు. పురమందిరంలో మేము ప్రదర్శించిన నాటకానికి ఆయన చేత పాతకాలపు పెంకుటింటి వసారా వేయించుకున్నాము.

మేము పట్టుకెళ్లిన ఇంటి ఫొటోలను ఆయన పక్కన పెట్టి, ముందు నాటకం ప్రతి ఇమ్మన్నారు. రెండు రోజులకు కబురు చేసి, తాత ఏ గోడకు చేరగిలబడతాడు, వంటిల్లు ఎటువైపు, ఆ ఇంటికి సున్నం వేసి ఎన్నేళ్లయింది అని వరుసగా అడిగారు. ఆ ప్రశ్నలన్నిటికీ జవాబులు సెట్‌లో కనిపించాయి: తాత తల ఆనేచోట నూనె మరక, వంటింటి గుమ్మం పైన పొగచూరు, క్యాలెండర్ తీసేసినచోట చుట్టుపక్కల కంటే తెల్లగా మిగిలిన చతురస్రం. సవక కర్రలు, ప్లైవుడ్, గోనెగుడ్డ, జిగురులో కలిపిన రంపపు పొట్టు తప్ప అందులో ఖరీదైన వస్తువేదీ లేదు. అడుగుకు అరంగుళం చొప్పున అట్టతో నమూనా చేసి, పక్క వరుసల వారికి కూడా గుమ్మం కనబడేలా గోడను ఏటవాలుగా తిప్పిన తీరు నన్ను అన్నిటికంటే ఆకట్టుకుంది.

పని జరుగుతుండగా వృత్తి గురించి కూడా ఓపికగా చెప్పారు. 1957 నాటి 'మాయాబజార్'కు గోఖలే, కళాధర్ కళాదర్శకులు. 'ప్రొడక్షన్ డిజైనర్' అన్న హోదా మాత్రం 1939లో 'గాన్ విత్ ద విండ్'కు పనిచేసిన విలియం కామెరాన్ మెంజీస్‌తో వాడుకలోకి వచ్చింది. సినిమా మొత్తానికి రంగులు, స్థలాలు, వస్తువులు ఒకే ఊహకు లోబడేలా చూడటం ఆ డిజైనర్ బాధ్యత అయితే, ఆ ఊహను కొలతలుగా మార్చి వడ్రంగుల చేత, పెయింటర్ల చేత కట్టించడం కళాదర్శకుని పని అని ఆయన వివరించారు.

లోపాలు లేకపోలేదు. నీలం తలుపులు పసుపు దీపాల కింద నల్లగా కనబడ్డాయి. ప్రదర్శన రోజు ఉదయం వచ్చి వాటికి లేతరంగు పూశారు గానీ, దీపాల పరీక్ష ముందే జరిగి ఉండవలసింది. రవాణా, కూలీ ఖర్చులు వేరుగా ఉంటాయని కూడా మొదట్లో స్పష్టంగా చెప్పలేదు. అయినా తదుపరి నాటకానికి ఆయననే అడిగాము. ఈసారి మాత్రం ఖర్చుల వివరం కాగితం మీద రాయించుకుని, దీపాల పరీక్షకు ఒక పూర్తి సాయంత్రం కేటాయించమని కోరాము.