పాతబస్తీ ఫుడ్ వాక్: ఏ వేళ టూర్‌కి డబ్బు పెట్టొచ్చు

చార్మినార్ చుట్టుపక్కల గైడ్ వెంట నడుస్తూ తినే టూర్లు ఇప్పుడు చాలానే ఉన్నాయి. 2019లో యునెస్కో ఆహార సంస్కృతి విభాగంలో హైదరాబాద్‌ని సృజనాత్మక నగరాల జాబితాలో చేర్చింది. ఆ మాట దాదాపు ప్రతి టూర్ ప్రకటనలోనూ కనిపిస్తుంది. వేళని బట్టి చూస్తే ఈ టూర్లు మూడు రకాలు: పొద్దున్నే మొదలయ్యేవి, సాయంత్రానివి, రంజాన్ నెల రాత్రులవి. మూడింట్లో పొద్దుటి టూర్‌కే నా ఓటు. రంజాన్ రాత్రి రెండోది. సాయంత్రం టూర్‌కి మాత్రం డబ్బు పెట్టేముందు ఒకటికి రెండుసార్లు ఆలోచించాలి.

కారణం ఒక్కటే. పాతబస్తీలో ప్రతి తిండికీ ఒక వేళ ఉంది. నహారీ, అంటే మేక కాళ్లతో చేసే పలచటి పులుసు, రాత్రంతా పొయ్యి మీద ఉడికి తెల్లారేసరికి సిద్ధమవుతుంది, పది పదకొండుకల్లా చాలాచోట్ల గిన్నె ఖాళీ అవుతుంది. గుల్జార్ హౌజ్ దగ్గరి దోసె బండి మధ్యాహ్నానికి సర్దేస్తారు. మధ్యాహ్నం బిర్యానీ దమ్ము మూత తీసేసరికి పన్నెండు అవుతుంది. గోధుమలూ మాంసంతో చేసే హలీమ్ బట్టీల, అంటే పెద్ద పొయ్యిల, దగ్గర అసలు సందడి రంజాన్ సాయంత్రాల్లోనే. అందుకే "ఒకే నడకలో నహారీ, హలీమ్, బిర్యానీ, పత్తర్ కా గోష్త్, ఖుబానీ కా మీఠా, పదిహేను రకాలు" అని రాసిన టూర్ కనిపిస్తే పక్కన పెట్టేయండి. అందులో సగం వేడిచేసి పెట్టినవే అవుతాయి. మంచి టూర్‌లో ఆరేడు చోట్లకి మించి ఆగరు. ఆగిన ప్రతిచోటా పొయ్యి మండుతూ ఉంటుంది.

పొద్దుటి నడక ఆరున్నరకి మొదలవ్వాలి. ఎనిమిదికి మొదలుపెట్టే టూర్లున్నాయి, అవి నిద్ర లేవలేనివాళ్ల కోసం. ఆ పాటికి రోడ్డు మీద ఆటోలూ బైకులూ నిండిపోతాయి, గైడ్ మాట వినపడదు. పురానీ హవేలీ దగ్గర నాన్‌తో మొదలుపెట్టి, మదీనా సర్కిల్ వైపు వెళ్లి నహారీ తిని, పత్తర్‌గట్టీ మీదుగా గుల్జార్ హౌజ్‌కి వచ్చి, చివర చార్మినార్ పక్కన చాయ్‌తో ముగించే దారి అన్నిటికన్నా బాగుంటుంది. మొత్తం మూడు కిలోమీటర్ల లోపే, ఆగుతూ తింటూ మూడు గంటలు పడుతుంది. కొందరు గైడ్లు దీన్ని తిరగేసి చార్మినార్ దగ్గర మొదలుపెడతారు, అందరికీ తెలిసిన చోటు కాబట్టి. అలా చేస్తే పాలూ బిస్కెట్లూ ముందే కడుపులో పడి, నహారీ దగ్గరికి వెళ్లేసరికి ఆకలి చచ్చిపోతుంది. బుక్ చేసేముందే ఎక్కడ మొదలవుతుందో అడగండి.

పురానీ హవేలీ దగ్గరి మున్షీ నాన్ 1851 నాటిదని పేరు. ఇక్కడ చార్ కోనీ నాన్, అంటే నాలుగు మూలల నాన్, కొనుక్కుని వెళ్లిపోతే అసలు సంగతి తెలియదు. తందూరు దగ్గర పది నిమిషాలు నిలబెట్టే గైడ్ మంచి గైడ్. తందూరు నేలలోకి దిగిన పెద్ద మట్టి బానలా ఉంటుంది. ఒకరు పిండిని చదరంగా సాగదీసి అందిస్తారు, ఇంకొకరు దాని వెనక తడి చేసి గుండ్రటి గుడ్డ దిండు మీద పరిచి, నడుందాకా లోపలికి వంగి గోడకి చరుస్తారు. తడి తక్కువైతే నాన్ ఊడి నిప్పుల్లో పడుతుంది, ఎక్కువైతే అడుగు మెత్తగా, పచ్చిపచ్చిగా ఉండిపోతుంది. కాలాక రెండు ఇనప చువ్వలతో లాగుతారు. అంచులు మందంగా మెత్తగా, మధ్యలో పలచగా, గోడకి అంటుకున్న వైపు కరకరలాడుతూ వస్తుంది. ఆ వేడి మీద ఏమీ నంచుకోకుండా ఒక ముక్క తినండి. గంట దాటితే అదే నాన్ తోలులా సాగుతుంది, అందుకే ఇంటికి కట్టించుకోవడం దండగ. నలుగురికి ఒక నాన్ చాలు, ముందు ఇంకా చాలా ఉంది.

మదీనా దగ్గర షాదాబ్, నాయాబ్ రెండూ నహారీకి పేరున్న హోటళ్లే. హైదరాబాదీ నహారీ ఢిల్లీ నిహారీలా చిక్కగా ఉండదు. పలచటి పులుసు, అందులో కాళ్లు, అంటే పాయా, నాలుక, అంటే జబాన్. వట్టివేరు, రాతిపువ్వు లాంటివి గుడ్డలో మూటకట్టి గిన్నెలో వేస్తారు, దాన్నే పోట్లీ మసాలా అంటారు. కారం వెనక సన్నగా వచ్చే ఆ మట్టివాసన దాని పనే. పాయాలోని జిగురు ఎంతుంటుందంటే రెండు ముద్దలు తినేసరికి పెదాలు అతుక్కుంటాయి, వేళ్లు ఒకదానికొకటి అంటుకుంటాయి. ఆ జిగురు ఉంటే గిన్నె రాత్రంతా ఉడికిందన్నమాట. నీళ్లలా జారిపోతే ఉడకలేదు, లేదా తర్వాత నీళ్లు కలిపారు. చల్లారితే పైన కొవ్వు తెల్లగా పేరుకుంటుంది కాబట్టి ఫొటోలు త్వరగా కానివ్వండి. అలవాటు లేని కడుపైతే ముగ్గురు కలిసి ఒక ప్లేటు తీసుకోండి. పరగడుపున ఒక్కరే ప్లేటంతా లాగిస్తే మిగతా నడక సాగదు.

ఇక్కడే చాలా టూర్లు తప్పు చేసే విషయం ఒకటుంది. పాతబస్తీలో మాంసం రెండు రకాలు: ఛోటే కా అంటే మేక, గొర్రె, బడే కా అంటే గేదె లాంటి పెద్ద పశువుల మాంసం. నహారీ, కబాబులు, మరగ్ అనే మాంసం సూప్, హలీమ్ అన్నీ రెండింటితోనూ చేసే హోటళ్లు ఉన్నాయి. బడే కా తినేవాళ్లకి అది ఇష్టమైన రుచి, ధర కూడా తక్కువ. తిననివాళ్లకి ప్లేటు ముందుకొచ్చాక చెప్పడం మాత్రం అన్యాయం. బుక్ చేసేటప్పుడే "మీరేం తింటారు, ఏం తినరు" అని అడగని టూర్‌ని నమ్మొద్దు. గైడ్ అడగకపోయినా హోటల్లో "ఛోటే కా హై క్యా?" అని మీరే అడిగేయండి. అక్కడ రోజూ అడిగే ప్రశ్నే, ఎవరూ ఏమీ అనుకోరు.

శాకాహారులకి ఈ దారిలో సగం ఆగే చోట్లు పనికిరావు. వాళ్ల దగ్గర పూర్తి డబ్బు తీసుకుని నాన్, చాయ్‌తో సరిపెట్టే టూర్లున్నాయి. శాకాహారులు మాత్రమే ఉన్న గుంపైతే చార్ కమాన్, అంటే నాలుగు పెద్ద తోరణాల, పరిసరాల్లోనే తిప్పమని అడగండి. మచ్లీ కమాన్, కాలీ కమాన్‌తో కలిపి నాలుగు కమాన్ల నడుమ గుల్జార్ హౌజ్ ఫౌంటెన్ ఉంది. ఆ దగ్గర్లోనే గోవింద్ దోసె బండి. పెనం మీద పిండి పరిచాక ఉప్మా, టమాటా చట్నీ, కారప్పొడి, వెన్న అన్నీ దోసె మీదే వేసి గరిటెతో పామేస్తారు. తవా ఇడ్లీ కూడా అంతే, వెన్నలో కారప్పొడి దట్టించి వేయిస్తారు. మన ఇళ్లల్లో చేసే పలచటి దోసె కోసం వెతికితే నిరాశే. దీన్ని ఇంకో తిండిగా చూడాలి. నహారీ తిన్నవాళ్లు ముగ్గురికి ఒక దోసె తీసుకుంటే సరిపోతుంది. ఆదివారం వరస పొడవుగా ఉంటుంది, మామూలు రోజున వెళ్లడమే సుఖం.

చార్మినార్‌ని ఆనుకుని మక్కా మసీదు వైపున్న నిమ్రా కేఫ్‌తో ముగింపు. ఇరానీ చాయ్‌కి డికాక్షన్ ఒక పాత్రలో మూతపెట్టి చాలాసేపు మగ్గిస్తారు, పాలు ఇంకో పాత్రలో చిక్కబడేదాకా మరిగిస్తారు, రెండూ కలిసేది కప్పులోనే. పాలూ ఆకూ కలిపి మరిగించే మన టీకి ఆ రంగు రాదు. ఉస్మానియా బిస్కెట్ ట్రే బయటికొచ్చే వేళ చూసుకుని కొనండి. వేడి మీద మెత్తగా ఉంటుంది, ఆరాక గుల్లగా విరుగుతుంది. తీపితో పాటు ఉప్పు నాలుకకి తగలాలి. ఇంటికి తీసుకెళ్లేవాళ్లు పూర్తిగా చల్లారాకే డబ్బా మూత పెట్టాలి, లేదంటే ఆవిరి పట్టి మెత్తబడతాయి.

సాయంత్రం టూర్ల గురించి చెప్పడానికి ఎక్కువేమీ లేదు. లాడ్ బజార్ దీపాల వెలుగులో అందంగా ఉంటుంది, జనం మాత్రం భుజాలు రాసుకుంటూ నడుస్తారు. పది మంది గుంపులో ఇద్దరు గాజుల దుకాణాల దగ్గర ఆగిపోతారు, మిగతా ఎనిమిది మంది వాళ్ల కోసం నిలబడతారు. తిండి విషయంలో కబాబులు, పత్తర్ కా గోష్త్ బాగుంటాయి. కాలిన నల్లరాతి పలక మీద మాంసం ముక్కలు చుయ్‌మంటుంటే అక్కడికక్కడే తినాలి. బిర్యానీతో ముగించే టూర్లు వద్దు. బిర్యానీకి విడిగా ఒక పూట కేటాయించాలి, నాలుగు చోట్ల తిన్నాక రెండు ముద్దలు కతికితే దాని రుచి అర్థంకాదు. జౌజీ హల్వా అనే మిఠాయి చూపిస్తామంటే మధ్యలో ఆటో ఎక్కిస్తారా అని అడగండి. దానికి పేరున్న హమీదీ దుకాణం నాంపల్లి వైపు ఉంది, చార్మినార్ నుంచి నడిచి వెళ్లే దూరం కాదు. కోసి పెట్టిన పండ్లు, ఐసు వేసిన షర్బత్‌లు ఏ టూర్‌లో ఉన్నా వదిలేయండి. కడుపు పాడయ్యేది నహారీ వల్ల కన్నా వీటివల్లే ఎక్కువ.

రంజాన్ రాత్రి టూర్ అంటే హలీమే. 2010లో హైదరాబాదీ హలీమ్‌కి భౌగోళిక గుర్తింపు వచ్చింది, దేశంలో ఆ గుర్తింపు పొందిన మొదటి మాంసాహారం ఇదే. గోధుమలు, మాంసం, నెయ్యి, మసాలాలు ఇటుకా మట్టీతో కట్టిన బట్టీ మీద పది పన్నెండు గంటలు ఉడుకుతాయి. మనుషులు నిలబడి లావుపాటి చెక్క గుత్తులతో పీచు పీచుగా విడిపోయేదాకా మెదుపుతారు. చూడాల్సింది ఆ మెదిపే పనిని, అది మధ్యాహ్నమే జరుగుతుంది. రాత్రి తొమ్మిదికి మొదలయ్యే టూర్‌లో కౌంటర్, వరస తప్ప ఏమీ కనపడవు. నాలుగింటికి బట్టీ చూపించి, ఇఫ్తార్ అయ్యాక తినిపించే టూర్ దొరికితే రెండు వందలు ఎక్కువైనా పెట్టొచ్చు. ఉపవాసం ఉన్నవాళ్ల మధ్య రోడ్డు మీద నిలబడి ఇఫ్తార్‌కి ముందే తినడం మర్యాద కాదు, గైడ్ కూడా అలా తినిపించకూడదు. ఆ నెలలో పగలు చాలా హోటళ్లు మూసే ఉంటాయి, పొద్దుటి టూర్ బుక్ చేయకండి.

ధర విషయానికొస్తే, పొద్దుటి దారిలో తలకి తిండి ఖర్చు ఐదారు వందలు దాటడం కష్టం. మిగతాదంతా గైడ్‌కి ఇచ్చేదే. కాబట్టి గైడ్ ఏమిస్తున్నాడన్నదే లెక్క: వంటగదిలోకి తీసుకెళ్లగలడా, హోటలువాళ్లకి తెలిసిన మనిషేనా, గుంపు ఎనిమిది మందికి మించకుండా చూస్తాడా. పన్నెండు దాటితే తందూరు దగ్గర వెనకవాళ్లకి ఏమీ కనపడదు. ఎక్కువమంది ఇంగ్లీషులోనో హిందీలోనో చెబుతారు, తెలుగులో చెప్పేవాళ్లు తక్కువ. అమ్మానాన్నల్ని తీసుకెళ్తుంటే ముందే తెలుగు గైడ్ కావాలని అడగండి. ఇంకొక సంగతి, గైడ్ చెప్పే నవాబుల కథల్లో ఏది చరిత్రో ఏది జనం చెప్పుకునేదో విడదీసి చెప్పేవాడు దొరికితే వదలకండి. ఉస్మానియా బిస్కెట్ పుట్టుక గురించే నాలుగు రకాల కథలున్నాయి. 1591లో కట్టిన చార్మినార్ ముందు నిలబడి కథనీ చరిత్రనీ కలిపేస్తే ఆ చోటుకి అన్యాయం చేసినట్టే.

పాతబస్తీ తెలిసిన హైదరాబాదీలకి, ఉర్దూ హిందీ వచ్చినవాళ్లకి ఈ దారికి గైడ్ అక్కర్లేదు, నలుగురు కలిసి వెళ్తే చాలు. బయటి ఊళ్ల నుంచి వచ్చేవాళ్లకి, విదేశాల నుంచి పిల్లలతో వచ్చేవాళ్లకి మాత్రం ఆ డబ్బు దండగ కాదు.

కారు తీసుకెళ్లొద్దు. చార్మినార్ చుట్టూ వాహనాలు రానివ్వరు, పార్కింగ్ వెతకడానికే అరగంట పోతుంది. మెట్రోలో మహాత్మాగాంధీ బస్ స్టేషన్, అంటే ఎంజీబీఎస్‌ దాకా వెళ్లి ఆటో ఎక్కితే రెండు కిలోమీటర్లే. అంత పొద్దున్నే మెట్రో అందకపోతే ఇంటి నుంచే ఆటో మాట్లాడుకోండి. పొద్దున రోడ్లు తడిగా ఉండొచ్చు, కాళ్లు జారని మూసిన చెప్పులు వేసుకోండి. దారిలో శుభ్రమైన టాయిలెట్లు తక్కువ, పెద్ద హోటల్లో కూర్చున్నప్పుడే పని కానిచ్చుకోవాలి, పెద్దవాళ్లకి ఇది ముందే చెప్పండి. శుక్రవారం మధ్యాహ్నం మక్కా మసీదు దగ్గర నమాజుకి జనం పెద్దసంఖ్యలో వస్తారు, కొన్ని దుకాణాలు మూస్తారు. ఆ రోజు వెళ్లాల్సి వస్తే పదకొండుకల్లా నడక ముగించేయండి.