అరండల్‌పేట శనివారం ఒత్తిడి తరగతి: మూడో వారానికే డబ్బులు గిట్టుబాటు

ఒత్తిడిని తట్టుకోవడం నేర్పడానికి గుంటూరు అరండల్‌పేటలో ఒక కౌన్సెలింగ్ కేంద్రం నడుపుతున్న తరగతి ఇది. నాలుగు శనివారాలు, పూటకు గంటన్నర, ఫీజు మొత్తం 1,600 రూపాయలు. కళ్లు మూయించి ఊపిరి లెక్కపెట్టించే బాపతు కాదు. ఆరన్ ఆంటొనోవ్‌స్కీ అనే వైద్య సామాజిక శాస్త్రవేత్త చెప్పిన ‘సెన్స్ ఆఫ్ కోహెరెన్స్’, అంటే కష్టంలోనూ మనిషిని నిలబెట్టే గుణం మీద నడుస్తుంది.

మొదటి వారం నేపథ్యం బాగా చెబుతారు. ఇజ్రాయెల్‌లో మెనోపాజ్ వయసు స్త్రీల మీద జరిగిన పరిశీలనలో, నాజీ శిబిరాల నుంచి బతికి బయటపడ్డవాళ్లలో 29 శాతం మంది మానసికంగా బాగానే ఉన్నట్టు తేలింది. శిబిరాల మొహం చూడనివాళ్లలో అది 51 శాతం. తేడా అందరికీ కనిపించేదే. ఆంటొనోవ్‌స్కీ మాత్రం ఆ 29 దగ్గర ఆగాడు. అంత నరకం చూసి వీళ్లు ఎలా నిలబడ్డారని అడిగాడు. 1979లో మొదలుపెట్టి 1987 నాటికి ఆయన తేల్చిన జవాబు తేట తెలుగులో ఇదీ: జరుగుతున్నది ఎందుకు జరుగుతోందో తెలియడం, తట్టుకోవడానికి మన దగ్గరో మనవాళ్ల దగ్గరో ఏదో ఒక ఆధారం ఉందన్న ధీమా, ఈ కష్టం పడటం దండగ కాదన్న నమ్మకం.

రెండో వారం ఈ గుణం మనలో ఎంత ఉందో కొలిచే 13 ప్రశ్నల కాగితం ఇస్తారు. ఒక్కోదానికి 1 నుంచి 7 దాకా మార్కు, మొత్తం 13 నుంచి 91 మధ్య వస్తుంది. పెద్ద తప్పులు ఇక్కడే. 1, 2, 3, 7, 10 ప్రశ్నలు తిరగేసినవి. అంటే వేసిన మార్కును 8లోంచి తీసేసి కలపాలి. ఆ సంగతి కాగితం మీద లేదు, చెప్పేవారూ తొందరలో దాటేశారు. 91 రావలసిన మనిషికి తిరగేయకుండా కలిపితే 61 వస్తుంది. ముప్పై మార్కులు గాల్లో కలిసిపోయి, నిక్షేపంలా ఉన్నవాడు ఇంటికి దిగులుగా వెళ్తాడు. పైగా మొత్తాన్ని తెలియడం, ధీమా, నమ్మకం అని మూడు ముక్కలు చేసి ‘మీకు ఇందులో తక్కువ’ అని చెబుతున్నారు. అలా విడగొట్టి చూడొద్దని ఆంటొనోవ్‌స్కీయే అన్నాడు. ఇంత వస్తే పాసు, ఇంత వస్తే ఫెయిలు అనే గీత కూడా దీనికి లేదు.

అసలు సరుకు మూడో వారంలో ఉంది. ఎవరి సమస్య వాళ్లు తీసుకుని, ఆ మూడింటికీ ఒక్కోటి చొప్పున మూడు గళ్లు నింపాలి. ధర పడిపోయి మిర్చి టిక్కీలు (బస్తాలు) కోల్డ్ స్టోరేజీలో పెట్టిన రైతునే చూడండి. మొదటి గడిలో ‘అప్పుల్లో మునిగిపోయాను’ అని రాస్తే ఒప్పుకోరు. ఎన్ని టిక్కీలు, నెలకు అద్దె ఎంత, కోల్డ్ స్టోరేజీ ఇచ్చిన రసీదు (బాండు) మీద తెచ్చిన అప్పుకు వడ్డీ ఎంత, గడువు ఏ తేదీ అన్నీ అంకెల్లో పడాలి. తెలియనివాటి పక్కన చుక్క పెట్టాలి. సగం భయం ఆ చుక్కల దగ్గరే ఉందని కాగితం చూస్తేనే తెలుస్తుంది. రెండో గడిలో ‘ఎవరినైనా అడుగుతాను’ అంటే కొట్టేస్తారు. ‘సోమవారం పదకొండింటికి బ్యాంకుకెళ్లి గడువు పెంచమని అడుగుతాను, తోడు బావమరిది’ అని ఉండాలి. ఆధారం సొంత చేతిలోనే ఉండక్కర్లేదు. నమ్మకమున్న మనిషి దగ్గర ఉన్నా, దేవుడి మీద భారం వేసినా లెక్కలోకి వస్తుంది. ఇది సిద్ధాంతంలో ఉన్న మాటే, చక్కగా చెప్పారు.

మూడో గడికి వచ్చేసరికి పావుగంటే మిగులుతుంది. ‘పిల్లల కోసం’ అని రాసి అందరూ లేచిపోతారు. ఆంటొనోవ్‌స్కీ లెక్కలో మూడింటిలోకీ ముఖ్యమైనది ఇదే. ముందు దీనికి అరగంట ఇచ్చి, తర్వాత మిగతా రెండూ చేయిస్తే బాగుండేది.

నాలుగో వారం ఆ 13 ప్రశ్నల కాగితమే మళ్లీ నింపించి, పెరిగిన మార్కులు చూపించి చప్పట్లు కొట్టిస్తారు. ఈ గుణం ముప్పై ఏళ్లకల్లా దాదాపు స్థిరపడుతుందని ఆయన అభిప్రాయం. వయసుతో కాస్త పెరుగుతుందని తర్వాతి పరిశోధనలు చెప్పాయి. ఎటు చూసినా నాలుగు శనివారాల్లో జరిగే పని కాదు. ప్రశ్నలు గుర్తుండటం వల్లా, ఆ పూట మనసు తేలిగ్గా ఉండటం వల్లా మార్కు పెరుగుతుంది.

ఇంకో లోటు: నిద్ర పట్టక, చచ్చిపోవాలన్న ఆలోచనలతో వచ్చేవాళ్లకు ఈ తరగతి చాలదు. అలాంటివాళ్లను డాక్టరు దగ్గరికి పంపాలి. ఉచితంగా, తెలుగులోనే, రాత్రీ పగలూ పలికే ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయ లైను టెలి మానస్ నంబరు 14416 అయినా ఇచ్చే కాగితం మీద అచ్చు వేయాలి. అది ఎక్కడా లేదు.

ఈ తరగతికి నేనిచ్చే మార్కు అయిదుకు మూడు. చేరేవాళ్లు రెండో వారం కాగితాన్ని ఇంటికి తెచ్చుకుని, ఆ అయిదు ప్రశ్నలూ తిరగేసి మళ్లీ కూడుకోండి.