ఆల్బర్ట్ కింగ్ 'బార్న్ అండర్ ఎ బ్యాడ్ సైన్' ఎల్పీ: రెండు నెలలు విన్నాక

అమెరికా నల్లవాళ్ళ పాటల్లోంచి వచ్చిన బ్లూస్ సంగీతంలో ఎలక్ట్రిక్ గిటార్ అనగానే అందరి నోటా ముందు వచ్చే పేరు బి.బి. కింగ్. తర్వాత ఎరిక్ క్లాప్టన్ అంటారు, స్టీవీ రే వాన్ అంటారు. ఆల్బర్ట్ కింగ్ పేరు ఎప్పుడో చివర్లో, ఎవరికైనా గుర్తొస్తే వస్తుంది. నాకు బాధ అక్కడే. క్లాప్టన్, స్టీవీ రే ఇద్దరూ ఎవరిని విని, ఎవరి వాయింపును మక్కీకి మక్కీ దింపి నేర్చుకున్నారో ఆ మనిషి రికార్డు ఇది. 1967లో స్టాక్స్ కంపెనీ విడుదల చేసింది. మళ్ళీ కొత్తగా ప్రెస్ చేసిన వినైల్ కాపీ, అంటే టర్న్‌టేబుల్ మీద పెట్టే ఎల్పీ ప్లేటు, ఒకటి కొన్నాను, రెండు నెలలుగా దాదాపు రోజూ వింటున్నాను కాబట్టి ధైర్యంగా రాస్తున్నాను.

ముందు కొనేటప్పుడు జాగ్రత్తపడాల్సిన సంగతి చెప్తాను. నాకు మొదట వచ్చిన కాపీ వంగిపోయి ఉంది. ఒక ఆన్‌లైన్ షాపు వాళ్ళు పల్చటి అట్టలో పెట్టి పంపించారు, దారిలో ఎక్కడ ఎండలో పడుందో ఏమో, టర్న్‌టేబుల్ మీద పెడితే సూది పడవలా పైకీ కిందికీ ఊగింది. వేరే రికార్డయితే సర్దుకుపోయేవాణ్ణేమో, ఇక్కడ మాత్రం కుదరదు. ఆయన ఒక స్వరాన్ని పట్టుకుని లాగి, పై స్వరం దగ్గర నిలబెట్టి, అక్కడ సన్నగా వణికిస్తాడు. ప్లేటే వంకరగా ఉంటే ఆ వణుకు ఆయన వేలిదో ప్లేటుదో తెలియదు. ఫొటోలు తీసి పంపిస్తే వారంలో మార్చి ఇచ్చారు. రెండోది శుభ్రంగా ఉంది. మీరూ వచ్చిన రోజే విప్పి, చదునుగా ఉందో లేదో చూసుకోండి.

ఇంతకీ ఆ లాగడం గురించే నేను ఎక్కువగా చెప్పాలి. మా అమ్మ పెళ్ళికి ముందు ఎనిమిదేళ్ళు వీణ నేర్చుకుంది. ఇంగ్లిష్ పాటలంటే ఆవిడకు పెద్దగా ఇష్టం ఉండదు, నేను రికార్డులు పెడితే తలుపు దగ్గరగా వేసుకుని తన పని చూసుకుంటుంది. ఈ రికార్డు సైడ్ టూ నడుస్తుంటే మాత్రం చేతిలో చిక్కుడుకాయల గిన్నెతో వచ్చి గుమ్మం దగ్గర నిలబడింది. "ఎవర్రా ఈయన, తీగని అట్లా గుంజుతున్నాడు? మెట్టు మారట్లేదు కదా, ఒకే మెట్టు మీద లాగుతున్నాడు" అంది. గిటార్ ముట్టుకోని మనిషి, చెవితోనే పట్టేసింది. వీణ మీద ఒకే మెట్టు దగ్గర తీగను పక్కకు లాగి రెండు మూడు స్వరాలు పలికిస్తారు చూడండి, ఆయన చేసేదీ దాదాపు అదే పని. పద్ధతులు వేరు, సంగీతాలు వేరు, కానీ గమకం విని పెరిగిన చెవికి ఈయన వెంటనే అందుతాడని ఆ రోజు నాకు నమ్మకం కుదిరింది.

ఆయన ఎలా వాయించేవాడో కాస్త వివరంగా చెప్తే రికార్డు వినడం మారిపోతుంది. ఆయనది ఎడమచేతి వాటం. కుడిచేతివాళ్ళకోసం తీగలు కట్టిన గిటార్‌ను అలాగే తిరగేసి పట్టుకున్నాడు, తీగలు మార్చి కట్టుకోలేదు. రాక్ గిటారిస్టు జిమీ హెండ్రిక్స్ కూడా ఎడమచేతి వాటమే, కానీ ఆయన తీగలు తీసి తిరిగి కట్టుకునేవాడు. ఆల్బర్ట్‌కు ఆ పట్టింపు లేదు కాబట్టి, అందరికీ కింద ఉండే సన్నతీగ ఈయనకు పైన ఉంటుంది. మామూలుగా గిటార్ వాయించేవాళ్ళు సన్నతీగను వేళ్ళతో పైకి తోస్తారు, ఈయన దాన్ని గుప్పిట మూసినట్టు కిందికి లాగుతాడు. తోయడం కంటే లాగడంలో చెయ్యంతటి బలం పనికొస్తుంది. పైగా మనిషి ఆరడుగుల నాలుగంగుళాలకు పైనే, తీగలేమో మామూలు శ్రుతి కంటే దించి వదులుగా కట్టుకునేవాడు. పిక్ (తీగలు మీటే చిన్న బిళ్ళ) వాడడు, బొటనవేలితోనే మీటుతాడు. అందుకే ఆ శబ్దం గుండ్రంగా, బరువుగా, మాట్లాడుతున్నట్టు ఉంటుంది. ఆయన చేతిలో ఉన్నది గిబ్సన్ కంపెనీ ఫ్లయింగ్ వీ గిటార్, బాణం మొనలా రెండు రెక్కలుండేది. దానికి లూసీ అని పేరు పెట్టుకున్నాడు.

బి.బి. కింగ్ గిటార్ పేరు లూసిల్ అని చాలామందికి తెలుసు, ఈ లూసీ దాన్ని చూసి వచ్చిందేనని వినేవాళ్ళకు ఇట్టే తట్టేస్తుంది. ఆల్బర్ట్ అసలు ఇంటిపేరు నెల్సన్. పుట్టింది 1923 ఏప్రిల్ 25న, మిసిసిపీ రాష్ట్రంలోని ఇండియనోలాలో అని ఆయనే చెప్పుకున్నాడు, అది బి.బి. తన ఊరుగా చెప్పుకునే ఊరు. తాను బి.బి.కి తండ్రి వైపు నుంచి సోదరుణ్ణని కూడా చెప్పుకున్న రోజులున్నాయి. ప్రభుత్వ కాగితాల్లో మాత్రం ఆయన పేరు నెల్సన్ అని, పుట్టిన ఊరు అబర్డీన్ అని ఉంది. దీన్ని పట్టుకుని ఆయన్ని తక్కువ చేసేవాళ్ళను చూశాను, నాకు నచ్చదు. పత్తిచేలల్లో పెరిగి, సిగార్ పెట్టెతో గిటార్ చేసుకుని నేర్చుకున్న మనిషి, నలభై దాటేదాకా పెద్ద కంపెనీ ఏదీ నిలబెట్టని మనిషి, గెలిచినవాడి పేరు కాస్త అరువు తెచ్చుకున్నాడు. తర్వాత ఆ పేరుకు తన వాయింపుతోనే తగినవాడయ్యాడు.

ఆ నలభై ఏళ్ళూ మామూలుగా గడవలేదు. ఆర్కన్సాలోని ఆసియోలాలో 'ఇన్ ద గ్రూవ్ బాయ్స్' అనే బ్యాండ్‌తో వాయిస్తూ, పగలు బుల్డోజర్ నడిపేవాడు. 'వెల్వెట్ బుల్డోజర్' అనే పేరు అలా వచ్చిందే, ఆ ఆకారానికీ ఆ మెత్తటి గొంతుకూ అంతకంటే సరిపోయే పేరు ఉండదు. కొన్నాళ్ళు ఇండియానాలోని గ్యారీ వెళ్ళి బ్లూస్ గాయకుడు జిమీ రీడ్ దగ్గర డ్రమ్స్ వాయించాడు. 1953లో షికాగోలో ప్యారట్ అనే చిన్న కంపెనీకి మొదటి రికార్డు ఇచ్చాడు, అది నడవలేదు. సెయింట్ లూయిస్ పక్కన మకాం పెట్టి క్లబ్బుల్లో వాయించుకుంటూ ఉంటే, 1961లో ఒక్క పాట ఆర్ అండ్ బీ (రిథమ్ అండ్ బ్లూస్) హిట్ పాటల లిస్టులో 14వ స్థానం దాకా వెళ్ళింది. మళ్ళీ చప్పుడు లేదు. 1966లో మెంఫిస్‌లోని స్టాక్స్ వాళ్ళతో కలిసేనాటికి ఆయనకు 43 ఏళ్ళు.

ఈ రికార్డు ఎందుకు ఇంత బాగుందో అడిగితే నేను సగం మార్కులు స్టాక్స్ బ్యాండ్‌కే ఇస్తాను. మెక్‌లెమోర్ అవెన్యూలో పాత సినిమా హాలు ఒకటి తీసుకుని స్టూడియో చేసుకున్నారు వాళ్ళు. హాల్లో నేల తెర వైపు ఏటవాలుగా ఉంటుంది కదా, దాన్ని చదును చేయకుండా అలాగే వదిలేశారు. బుకర్ టి. జోన్స్ కీబోర్డు, స్టీవ్ క్రాపర్ గిటార్, డక్ డన్ బేస్, ఆల్ జాక్సన్ జూనియర్ డ్రమ్స్, వెనకాల బాకాలు, శాక్సఫోన్లు ఊదే మెంఫిస్ హార్న్స్ బృందం. వీళ్ళంతా రోజూ సోల్ (చర్చి పాటల ఛాయ ఉన్న నల్లవాళ్ళ పాప్) పాటలకు వాయించే కుర్రాళ్ళు, ఆల్బర్ట్ కంటే బాగా చిన్నవాళ్ళు. నల్లవాళ్ళూ తెల్లవాళ్ళూ కలిసి ఒకే బ్యాండ్‌గా పనిచేయడం ఆ రోజుల్లో మెంఫిస్‌లో చిన్న విషయం కాదు. బ్లూస్ పాటకు వాళ్ళు సోల్ నడక ఇచ్చారు. డ్రమ్స్ ఎక్కడా తొందరపడవు, బేస్ ఖాళీలు వదులుతుంది, ఆ ఖాళీల్లో ఆల్బర్ట్ నాలుగే నాలుగు స్వరాలు వేస్తాడు. క్రాపర్ అంతటి గిటారిస్టు పక్కనే ఉండి కూడా ఎక్కడా అడ్డురాడు. తన పని తాను వెనకాల చేసుకుపోతాడు, అది పెద్ద మనసు.

ఇక పాటలు. మొత్తం 11, అన్నీ కలిపి ముప్పావుగంట కూడా ఉండవు. ఒకేసారి కూర్చుని ఆల్బమ్‌గా చేసింది కాదిది, 1966 మార్చి నుంచి 1967 దాకా విడివిడిగా రికార్డు చేసినవి, అందులో సింగిల్స్‌గా, అంటే ఒక్కో పాట రికార్డుగా, వచ్చినవీ ఉన్నాయి, అన్నీ ఒకచోట చేర్చారు. అయినా అతుకులు కనిపించవు.

పేరుపాటను విలియం బెల్, బుకర్ టి. జోన్స్ రాశారు. పుట్టిన ఘడియే మంచిది కాదు అని పాడుకునే మనిషి కథ. మన ఇళ్ళలో 'వాడి జాతకమే అంత' అంటుంటారు కదా, అచ్చం ఆ మాటే. జాలి పుట్టించేలా పాడొచ్చు, ఆయన అలా పాడడు. నిదానంగా, ఉన్నమాట చెప్తున్నట్టు పాడతాడు. గీసిన బొమ్మలతో కవరు కూడా ఆ భావానికే: నల్లపిల్లి, 13వ తేదీ శుక్రవారం క్యాలెండరు, పుర్రె, పాచికలు, పేకలో ఇస్పేటు ఆసు. ఎల్పీ సైజులో ఆ కవరు చూడ్డానికే ఒక సంతోషం ఉంది, ఫోన్‌లో గోరంత బొమ్మగా చూసినప్పుడు నాకది అందలేదు.

'క్రాస్‌కట్ సా' నడక గమ్మత్తుగా, లాటిన్ పాటల్లా ఊగుతూ ఉంటుంది. 'ఓ ప్రెటీ వుమన్' అంటే రాయ్ ఆర్బిసన్ పాడిన ప్రసిద్ధమైన పాట అనుకోకండి, ఇది వేరే. గిటార్ నేర్చుకునేవాళ్ళు ఇందులోని సోలోను ముక్కలు ముక్కలుగా పదిసార్లు వినండి, ఆ తర్వాత క్రీమ్ బ్యాండ్ రోజుల క్లాప్టన్‌ను వినండి, మీకే అర్థమైపోతుంది. క్రీమ్ వాళ్ళు 1968లో పేరుపాటనే మళ్ళీ పాడారు కూడా. 'లాండ్రోమాట్ బ్లూస్' స్టాక్స్‌లో ఆయన మొదటి సింగిల్: బట్టలుతికే షాపుకు వెళ్ళొస్తున్న భార్య మీద మొగుడి అనుమానం, అంతే కథ.

నా మనసు మాత్రం సైడ్ టూలో రెండు పాటల దగ్గర ఆగిపోయింది. 'పర్సనల్ మేనేజర్'లో ఆయనకు చోటు దొరికింది, నాలుగు నిమిషాలు దాటిన నిదానపు బ్లూస్. ఒక స్వరం వేసి ఊరుకుంటాడు. మనం తర్వాతిది వస్తుందని ఎదురుచూస్తాం, రాదు. ఇంకా ఆగి, మనం వదిలేసిన క్షణంలో, అనుకున్న దానికంటే పైనుంచి లాగుతూ దిగుతాడు. అమ్మ గుమ్మం దగ్గరకు వచ్చింది ఇక్కడే. రెండోది 'యాజ్ ద ఇయర్స్ గో పాసింగ్ బై', పోయిన ప్రేమను తలుచుకుంటూ మైనర్ స్కేల్‌లో పాడే దిగులు పాట. ఇందులో ఆయన గొంతు గురించి ఎవరూ ఎందుకు రాయరో నాకు అర్థం కాదు. అరుపు లేదు, గరగర లేదు, పొగలాంటి గొంతు.

నచ్చనివీ చెప్పాలి. 'కాన్సాస్ సిటీ' అందరూ పాడిందే, ఈయన పాడినా కొత్తగా ఏమీ రాలేదు. చివరి పాట 'ద వెరీ థాట్ ఆఫ్ యూ' 1930ల నాటి ప్రేమపాట. బాగానే పాడాడు, కానీ అంత మంచి సైడ్ అక్కడ ముగియడం నాకు వెలితిగానే ఉంది, గిటార్ కోసం చెవులు రిక్కించి కూర్చుంటే అది పక్కకు తప్పుకుంటుంది. 'ఐ ఆల్మోస్ట్ లాస్ట్ మై మైండ్'లో ఫ్లూట్ మొదట్లో చిరాకనిపించింది, ఇప్పుడు అలవాటైంది.

ఎవరు కొనాలంటే, గిటార్ నేర్చుకుంటూ వేగం వెనక పడి అలసిపోయినవాళ్ళు కచ్చితంగా కొనాలి. నేను ఆ బాపతే. నాలుగేళ్ళు వేళ్ళు పరిగెత్తించడం మీదే పెట్టాను. ఈ రికార్డు వచ్చాక ఒక్క తీగ, ఒక్క మెట్టు, లాగి సరిగ్గా శ్రుతిలో ఆపడం ఒక్కటే సాధన చేస్తున్నాను, పది నిమిషాలకే వేళ్ళు మండుతున్నాయి. ఆయన లాగినంత దూరం నా చెయ్యి ఇంకా వెళ్ళట్లేదు.

లైవ్ వాయింపు మాత్రమే కావాలనుకునేవాళ్ళు దీంతో మొదలుపెట్టకండి. ఇక్కడ పాటలు చిన్నవి, సోలోలు చిన్నవి. వాళ్ళకు 1968లో శాన్‌ఫ్రాన్సిస్కోలోని ఫిల్‌మోర్ అనే కచేరీ హాల్లో రికార్డు చేసిన 'లైవ్ వైర్/బ్లూస్ పవర్' ఉంది. అప్పటిదాకా నల్లవాళ్ళ క్లబ్బుల్లో వాయించిన మనిషి, తన వయసులో సగం ఉన్న తెల్ల హిప్పీ పిల్లల ముందు నిలబడి పది నిమిషాల పాట వాయించాడు. తర్వాతి ఏడాది సెయింట్ లూయిస్ సింఫనీ ఆర్కెస్ట్రాతో కలిసి వాయించాడు. 1983 డిసెంబరులో కెనడాలోని హామిల్టన్‌లో ఒక టీవీ కార్యక్రమం కోసం స్టీవీ రే వాన్‌తో కూర్చుని వాయించింది కూడా ఎల్పీగా దొరుకుతుంది, అందులో శిష్యుడు గురువు ముందు ఎంత ఒద్దికగా ఉన్నాడో వినాల్సిందే. ఆయన చివరిదాకా వాయిస్తూనే ఉన్నాడు. 1992 డిసెంబరు 19న లాస్ ఏంజిల్స్‌లో కచేరీ చేసి, రెండు రోజుల తర్వాత మెంఫిస్‌లో గుండెపోటుతో పోయాడు. 69 ఏళ్ళు.

ఫిల్‌మోర్ ఎల్పీకి మొన్ననే ఆర్డర్ పెట్టాను. ఈసారి గట్టి అట్టపెట్టెలో, రెండు వైపులా బోర్డు పెట్టి పంపమని ముందే మెసేజ్ చేశాను. అమ్మ కూడా ఎప్పుడొస్తుందని అడుగుతోంది.