సైకిల్ చైనుకు కరిగించిన మైనం: విశాఖ తీరంలో దీర్ఘకాలం వాడిన తరువాత

నా సైకిల్ చైనును వట్టి చేతులతో విప్పి, తిరిగి తగిలించి, అదే చేతులతో మంచినీళ్ల గ్లాసు అందుకోగలుగుతున్నాను. నూనెలు మాని, కరిగించిన పారఫిన్ మైనం వాడుతున్నప్పటి నుంచి నాకు కలిగిన సంతోషాలలో ఇది మొదటిది, ఇన్నాళ్లయినా తగ్గనిది. ఈ శుభ్రతను నేను అందం కోసం మెచ్చుకోవడం లేదు. చైను మీద పేరుకునే నలుపులో కొంత బయటి దుమ్మయితే, తక్కినది కీళ్లలోని పిన్నుల నుంచీ, వాటి చుట్టూ తిరిగే చిన్న గొట్టాలైన రోలర్ల నుంచీ అరిగి రాలిన ఉక్కు పొడి. నల్లగా మెరిసే చైనును చూసి బాగా నూనె పట్టిందని మనలో చాలామంది తృప్తి పడతారు గానీ, చాలాసార్లు అది లోపల అరిగిపోతున్న చైను.

నేను ఎక్కువగా తొక్కేది విశాఖలో ఆర్కే బీచ్ నుంచి రుషికొండ, మంగమారిపేట మీదుగా భీమిలి వెళ్లే తీర రహదారి. ఆ దారిలో గాలి బలంగా వీచినప్పుడల్లా రోడ్డు అంచున ఇసుక పొరలుగా పరుచుకుంటుంది, ఎర్రమట్టి దిబ్బల దగ్గర సన్నని ఎర్ర దుమ్ము లేస్తుంది, ఉప్పు తేమ ఏడాది పొడవునా ఉండనే ఉంటుంది. దుకాణాల్లో వెట్ లూబ్ పేరుతో అమ్మే చిక్కటి చమురును చాలాకాలం ఇక్కడే వాడాను. వేసిన రోజు చైను ఎంతో నిశ్శబ్దంగా తిరిగేది. ఒకటి రెండు ఉదయాలు గడిచేసరికి ఇసుకను పట్టుకునేది. ఆపైన చమురూ ఇసుకా కలిసి పిన్నుల చుట్టూ ఆకురాయిలా పనిచేసేవి. కుట్టు మిషన్ నూనె పల్చన కనుక ఇసుకను అంతగా పట్టదు, కానీ త్వరగా జారిపోతుంది, చైను కిచకిచలాడడం మొదలుపెడుతుంది. తుప్పు వదిలించే పల్చని స్ప్రేలు లోపల ఉన్న చమురును కూడా కరిగించి బయటికి తెస్తాయి, తాము మాత్రం నిలవవు. మోటారు సైకిళ్ల కోసం చేసిన జిగురు స్ప్రేలు కీళ్లలో ఓ-రింగులు, అంటే రబ్బరు వలయాలు, ఉన్న బరువైన చైన్లకు తగినవి. సన్నని సైకిల్ చైను మీద అవి ఇసుకకు ఇంకా మంచి ఆసరా అవుతాయి.

ఏ కందెనను ఎంచుకున్నా, అది పని చేయవలసిన చోటు బయట కనిపించే పలకల మీద కాదు. పిన్నుకూ లోపలి పలకకూ మధ్య, లోపలి పలకకూ రోలరుకూ మధ్య ఉండే సన్నని ఖాళీలలో అది చేరాలి. సైకిల్ చైనులో ఒక పిన్ను నుంచి తరువాతి పిన్నుకు దూరం అర అంగుళం, అంటే 12.7 మిల్లీమీటర్లు. ఉక్కు పలకలు సాగవు. ప్రతి కీలు దగ్గరా కొద్దికొద్దిగా అరగడం వల్లనే చైను మొత్తం పొడవు పెరుగుతుంది, ఆ పెరిగిన చైను క్యాసెట్ (వెనక చక్రం దగ్గరి గేర్ల పళ్లచక్రాల గుత్తి) పళ్లను కూడా తనతో పాటు పాడుచేస్తుంది. మైనంలో నాకు నచ్చిన గుణం ఇక్కడే ఉంది. అది కరిగినప్పుడు పల్చగా ఆ ఖాళీలలోకి వెళ్లి, చల్లారాక గట్టిపడి అక్కడే ఉండిపోతుంది. బయట జిగురు లేదు కనుక ఇసుక అంటుకోదు, అంటుకున్న కొద్దిపాటి దుమ్ము కూడా పైపొర పొట్టులా రాలినప్పుడు దానితో పాటు పోతుంది.

మైనం ఎంపికలో నేను పట్టుదలగా ఉంటాను. కొవ్వొత్తుల తయారీదారులకు అమ్మే, పూర్తిగా శుద్ధి చేసిన, 58–60 డిగ్రీల సెల్సియస్ దగ్గర కరిగే తెల్లని పారఫిన్ పలకలనే తెస్తాను. శుద్ధి తక్కువైన మైనంలో నూనె శాతం ఎక్కువ, దానితో మళ్లీ జిగురు వస్తుంది. రంగు కొవ్వొత్తులను, సువాసన కలిపినవాటిని కరిగించడం వల్ల ప్రయోజనం లేదు. కానీ మైనం కంటే ముఖ్యం చైను శుభ్రత. కొత్త చైను ఫ్యాక్టరీ నుంచి గ్రీజుతో వస్తుంది. ఆ గ్రీజు ఉన్నంతవరకూ మైనం ఉక్కును పట్టుకోదు. రంగుల దుకాణంలో దొరికే మినరల్ టర్పెంటైన్‌ను మూతగట్టిగా ఉన్న సీసాలో పోసి, చైనును అందులో ఊపి, ద్రవం తేటగా నిలిచేవరకూ మారుస్తూ పోతాను. చివరగా ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో ముంచి ఆరబెడతాను. ఈ పనికి పెట్రోలు వాడేవారిని చూశాను. ఇంటి లోపల, పొయ్యి ఉన్న చోట ఆ ఆవిరి ప్రమాదకరం, దయచేసి ఆ పని చేయకండి.

మైనాన్ని నేరుగా మంట మీద పెట్టకూడదు, వేడి మితిమీరితే దాని ఆవిరి అంటుకుంటుంది. వెడల్పు గిన్నెలో నీళ్లు మరిగించి, అందులో మైనం ఉన్న చిన్న స్టీలు గిన్నెను ఉంచితే వేడి ఎప్పటికీ నీటి మరుగు దాటదు. ఆ గిన్నెలోకి నీటి చుక్క పడకుండా చూసుకోవాలి, వంటకు వాడే గిన్నెలను దీనికి తీసుకోకూడదు. చైనును తీగకు గుచ్చి ముంచినప్పుడు పైకి వచ్చే బుడగలు ఆగేవరకూ నెమ్మదిగా కదుపుతాను. ఆ బుడగలు కీళ్లలోని గాలి. తరువాత పొయ్యి ఆపి, మైనం మీద పలచని పొర కట్టబోయే వేళకు చైనును బయటికి తీస్తాను. మరీ వేడిగా ఉన్నప్పుడు తీస్తే మైనం కారిపోతుంది, ఆలస్యం చేస్తే బయట ముద్దలు కడుతుంది. ఆరిన చైను కర్రలా బిగుసుకుని ఉంటుంది. గుండ్రని కడ్డీ మీదుగా లాగి ఒక్కొక్క కీలును విడిపించాలి. మొదటి కొన్ని కిలోమీటర్లు గేర్లు కాస్త మొరాయిస్తాయి, కింద తెల్లని పొట్టు రాలుతుంది, ఆ తరువాత సర్దుకుంటుంది. పొడి వాతావరణంలో సుమారు 300 కిలోమీటర్లకు ఒకసారి మళ్లీ ముంచుతాను. అప్పుడు టర్పెంటైన్ అక్కర్లేదు, మరుగునీళ్లలో కడిగి ఆరబెడితే చాలు. నాది 9 గేర్ల క్యాసెట్ కనుక చైను రెండు చివరలను కలిపే, మళ్లీ మళ్లీ విప్పగలిగే జోడింపు లింకు దొరికింది. 11, 12 గేర్ల చైన్లకు వచ్చే లింకులలో కొన్నిటిని తయారీదారులు ఒక్కసారి వాడకానికే పరిమితం చేశారు, ఆ ఖర్చును ముందే లెక్క వేసుకోవాలి.

నన్ను నిజంగా ఆశ్చర్యపరిచింది కొలత. చైను అరుగుదలను కొలవడానికి పరికరం లేకపోయినా ఉక్కు స్కేలు సరిపోతుంది: కొత్త చైనులో 24 ఖానాల (పిన్ను నుంచి పిన్నుకు ఒక ఖానా) పొడవు సరిగ్గా 12 అంగుళాలు, అది అంగుళంలో పదహారో వంతు పెరిగితే 0.5 శాతం అరిగినట్టు. చమురు వాడిన రోజుల్లో ఒక వేసవి గడిచేసరికి ఈ గుర్తు దాటేది. మైనం పట్టించిన చైనును అంతే కాలం తిప్పిన తరువాత, పెట్టెలోంచి అప్పుడే తీసిన అదే రకం చైను పక్కన ఒకే మేకుకు వేలాడదీశాను. చివరి పిన్నుల మధ్య తేడా ఉందో లేదో తేల్చుకోవడానికి కళ్లద్దాలు పెట్టుకోవలసి వచ్చింది. అమెరికాలో ఫ్రిక్షన్ ఫ్యాక్ట్స్ అనే పరీక్షాశాల జరిపిన పరీక్షల్లో పారఫిన్ తక్కువ ఘర్షణ ఇచ్చిన వాటిలో ఒకటిగా నిలిచిందని అంతకుముందే చదివాను, కానీ పందేలలో పాల్గొనని నాకు, ఘర్షణకు పోయే శక్తిని వాట్లలో చూపే ఆ లెక్క పెద్దగా పట్టలేదు. డబ్బు మిగలడం, క్యాసెట్ మార్చవలసిన అవసరం వాయిదా పడడం మాత్రం స్పష్టంగా కనిపించాయి. ఆ ఉత్సాహంలో, ఇక మరే కందెనా అక్కర్లేదని తోటి సైక్లిస్టులకు గట్టిగా చెప్పాను.

అరకు ప్రయాణంలో ఆ మాటకు హద్దు తెలిసింది. వానలు వెనకబట్టి, అక్టోబరులో కొండల మీద మబ్బులు దిగే కాలం అది. శృంగవరపుకోట దాటాక జల్లు మొదలై, ఘాట్ రోడ్డు ఎక్కుతున్నకొద్దీ ముసురుగా మారింది. తైడ దాటే వేళకు రోడ్డు మీద మట్టినీరు పారుతోంది, ముందు చక్రం విసిరిన ఆ నీరు నేరుగా చైను మీద పడుతోంది. ఎక్కుడు దారిలో పెడల్ మీద బరువు ఎక్కువ, వేగం తక్కువ. మైనం పొరను నీరు, మట్టి, ఒత్తిడి కలిసి కొద్ది గంటల్లోనే ఖాళీ చేశాయి. డముకు దగ్గర సన్నని కిచకిచ వినిపించింది, అనంతగిరి చేరేసరికి అది ప్రతి తొక్కుకూ ఏడుపులా మారింది. చమురు పూసిన చైను అయితే ఎండిపోతున్నట్టు చాలాసేపు ముందే సూచిస్తుంది. మైనం పూర్తయినప్పుడు దాదాపు ఒక్కసారిగా లోహం మీద లోహం రాసుకుంటుంది. వెంట వేరే కందెన లేదు. రోడ్డు పక్కన మోటారు సైకిల్ మెకానిక్ దయతో ఇచ్చిన కాస్త ఇంజిన్ ఆయిల్‌తోనే మిగిలిన దూరం వెళ్లగలిగాను.

మరునాడు ఉదయం అరకులో చూస్తే బయటి పలకల అంచులు నారింజ రంగుకు తిరిగాయి. మైనం అవశేషాలు, ఆయిల్, కొండ మట్టి కలిసి కీళ్లలో చిక్కటి ముద్దగా గడ్డకట్టాయి. మైనం మీద నూనె వేస్తే అది మైనాన్ని మెత్తబరచి పాడుచేస్తుంది. ఆ చైను మళ్లీ మైనానికి పనికిరావాలంటే మొదటి రోజు చేసిన టర్పెంటైన్ స్నానం అంతా తిరిగి చేయవలసిందే. ఇంటికి వచ్చి అంతా చేశాను, పైపై తుప్పు పోయింది. అయినా వంతులవారీగా వాడుతున్న నా రెండు చైన్లలో 0.5 గుర్తును ముందుగా చేరుకున్నది అదే.

అప్పటి నుంచి గమనిస్తే, వాన లేకపోయినా తీరంలో మైనం అందించే రక్షణ తక్కువే. నూనె పొర తేమను అడ్డుకున్నట్టు మైనం అడ్డుకోదు. బాల్కనీలో సముద్రం వైపు నిలిపిన సైకిల్‌ను కొన్నాళ్లు తీయకపోతే జోడింపు లింకు దగ్గర, పిన్నుల తలల మీద తుప్పు చుక్కలు వస్తాయి. ఇప్పుడు సైకిల్‌ను గది లోపలే ఉంచుతున్నాను, తడిసిన రోజున గుడ్డతో తుడిచి వెంటనే ఆరబెడుతున్నాను. జూన్ నుంచి అక్టోబరు దాకా ముంచిన మైనం మీదే, నీటిలో మైనం కలిపి సీసాలో అమ్మే చుక్కల కందెనను అదనంగా వేస్తున్నాను. దాన్ని కింది వరస చైను లోపలి వైపున, రోలరుకు ఒక చుక్క చొప్పున, పెడల్‌ను వెనక్కి తిప్పుతూ వేసి, రాత్రంతా ఆరనివ్వాలి. బయలుదేరే ముందు వేసి వెంటనే తొక్కితే అందులోని నీరు ఆవిరి కాక ముందే మైనం బయటికి చిమ్ముతుంది, లోపల ఏమీ మిగలదు.

నాకు ఉదయం వేళ తీరిక ఉంది, రెండు చైన్లు ఉన్నాయి, వాన పడితే ఆ రోజు తొక్కకుండా ఉండే వెసులుబాటు ఉంది. అందువల్ల మైనాన్ని వదలను. అరకు, లంబసింగి వంటి తడి కొండదారులకు బయలుదేరేటప్పుడు మాత్రం మైనం చైనును ఇంట్లోనే వదిలి, వెట్ లూబ్ వేసిన పాత చైనును తగిలిస్తాను. వాన అనీ ఎండ అనీ చూడకుండా రోజూ ఉద్యోగానికి సైకిల్ మీదే వెళ్లేవారికి, సైకిల్ ఆరుబయట నిలపక తప్పనివారికి నేను మైనం సూచించలేను. వారు వెట్ లూబ్‌నే రాత్రిపూట రోలరుకు ఒక చుక్క వేసి, ఉదయం పొడిగుడ్డతో బయటి పలకలు ఆరినట్టు కనిపించేదాకా గట్టిగా తుడిచి తొక్కితే, నేను ఒకప్పుడు పడిన ఇసుక బాధలో చాలా భాగం తప్పుతుంది.