మెస్సలీనా, మెస్సలీనా! (1977): సెట్ల కోసం చూడాల్సిన సినిమా

బ్రూనో కార్బుచ్చి తీసిన ఈ ఇటాలియన్ పెద్దల కామెడీని శృంగారం కోసం కొంటే నిరాశ తప్పదు. సెట్ల కోసమైతే తప్పకుండా కొనండి. 'కాలిగులా' కోసం 1976లో రోమ్‌లో దనీలో దొనాతి వేసిన భారీ సెట్లు, కుట్టించిన దుస్తులు షూటింగ్ అయ్యాక మిగిలిపోయాయి. ఆ సినిమా నిర్మాతల్లో ఒకరైన ఫ్రాంకో రొసెల్లీనీ వాటితోనే దీన్ని చుట్టేశారు. అసలు సినిమా ఎడిటింగ్ గొడవల్లో పడి 1979 దాకా బయటికి రాలేదు. ఇది రెండేళ్లు ముందే థియేటర్లకెక్కింది! రెండింట్లోనూ మెస్సలీనా వేషం ఆనెకా డి లొరెంజోదే.

తక్కువ బడ్జెట్ రోమన్ సినిమాల్లో గోడ అయిపోయిన చోటే ఫ్రేమూ ఆగిపోతుంది, అందుకే అన్నీ క్లోజప్పులే. ఇక్కడ ఆ ఇబ్బంది లేదు. మనుషుల్ని వదిలేసి వెనకాల చూడండి: ఎత్తు, లోతు, బట్టల మీద పనితనం. దుస్తులకు రెండు ఆస్కార్లు అందుకున్న దొనాతి చెయ్యి అది.

కథ బలహీనం. రోమ్ చక్రవర్తి క్లాడియస్ మూడో భార్య మెస్సలీనాను, భర్త ఉండగానే గయస్ సిలియస్ అనే అతన్ని పెళ్లాడిందన్న నేరం మీద క్రీ.శ. 48లో చంపించారు. ఆమె రాత్రిపూట వేశ్యాగృహానికి వెళ్లేదన్న మాట ఆమె చనిపోయిన యాభై ఏళ్లు దాటాక రోమన్ కవి జువెనల్ రాసిన వ్యంగ్య కవిత్వంలోది. సినిమా ఇలాంటి పుకార్లనే పట్టుకుంది. అసలు దెబ్బ క్లైమాక్స్‌లో. అప్పటిదాకా నవ్విస్తూ వచ్చి, ఏ సూచనా లేకుండా కాళ్లూ చేతులూ తెగిపడే నరుకుడులోకి దిగుతుంది. నవ్వూ రాదు, భయమూ వేయదు.

ఇటాలియన్ ఆడియోతోనే చూడండి. ఇందులో నటించిన తోమాస్ మిలియన్ హాస్యమంతా రోమ్ వీధి యాసలో ఉంది, ఇంగ్లీషు డబ్బింగ్‌లో అది పోతుంది. మాటలు తర్వాత డబ్బింగ్ థియేటర్లో చెప్పించినవే కాబట్టి పెదాలు ఎందులోనూ పూర్తిగా కలవవు. మన పాత సినిమాలు చూసినవాళ్లకు ఇది కొత్తేం కాదు.

డిస్క్ కొనేటప్పుడు నిడివి చూసి 'కట్ చేశారు' అనుకోకండి. యూరప్ టీవీ పద్ధతి అయిన పాల్ (PAL)లో వచ్చే డీవీడీలు సెకనుకు 24 బదులు 25 ఫ్రేములు తిప్పుతాయి. 100 నిమిషాల సినిమా అందులో 96కే అయిపోతుంది, గొంతులూ కాస్త సన్నబడతాయి. అంతకు మించి తగ్గితేనే కోత పడిందని అనుమానించాలి. బ్లూరేలో సాధారణంగా ఈ తేడా ఉండదు గానీ రీజియన్ (డిస్క్ ఏ ప్రాంతపు ప్లేయర్లలో ఆడుతుందో చెప్పే కోడ్) చూసుకోవాలి: యూరప్‌ది బి, మనది సి. డీవీడీలో యూరప్‌ది 2, మనది 5.